నాలుగు నెలల పది రోజులు

మా కావలి, బోగోలు వైపు చిన్న దుకాణం నడిపే మనిషినెవరినైనా ఆపి, జీఎస్టీ కాగితాల్లో మీ ఫోన్ నంబరు ఏది ఇచ్చారని అడగండి. తెలియదంటారు. అక్కడ ఉన్నది వాళ్ల నంబరు కాదు. లెక్కలు రాసి రిటర్నులు వేసే మనిషి నంబరు. ఈమెయిల్ కూడా ఆ మనిషిదే, పాస్‌వర్డు కూడా ఆ మనిషికే తెలుసు. అలా లెక్కలు రాసేవాళ్లలో నేనొకణ్ణి. కావలిలో జెరాక్స్ కొట్టు పైన ఒక గది, రెండు కంప్యూటర్లు, గోడ పొడుగునా ఫైళ్లు, అదే నా ఆఫీసు.

ఇలా ఎందుకు చేస్తామంటే, రిటర్ను వేసిన ప్రతిసారీ ఫోనుకు ఓటీపీ వస్తుంది. కొట్టు ఓనరుకు ఫోన్ చేస్తే పడవల దగ్గర ఉంటాడు, సిగ్నల్ ఉండదు. ఉన్నా ఆరంకెలు చెప్పమంటే నాలుగు చెప్పి పెట్టేస్తాడు. మళ్లీ చేస్తే అన్నం తింటుంటాడు. నాకేమో కోపం ముక్కు మీదే ఉంటుంది. "నీ నంబరూ వద్దు, నీతో ఈ తలనొప్పీ వద్దు, నా నంబరు పెడతా, నువ్వు సంతకం పెట్టి పో" అనేవాణ్ణి. వాళ్లూ హమ్మయ్య అనుకుని వెళ్లిపోయేవాళ్లు. అందువల్ల మా వైపు ఎందరో కొట్లవాళ్లకు సర్కారు చెప్పదలుచుకున్న ప్రతి మాటా నా జేబులో మోగేది. నేను చెబితే వాళ్లకు తెలిసేది, చెప్పకపోతే లేదు. అదొక బాధ్యత అని నాకు తోచలేదు. పని సులువైందని మాత్రం అనుకున్నాను.

బోగోలు మండలంలో రేవుకు పోయే దారిలో ఒక కొట్టు ఉండేది. వలలు, నైలాన్ తాళ్లు, వలకు కట్టే బెండ్లు, సీసం గుళ్లు, పడవ ఇంజన్ల సామాను అమ్మేవాళ్లు. కొట్టులో కూర్చునేది భాయ్. నేను ఆయన్ని అలాగే పిలిచేవాణ్ణి, అందరూ అలాగే పిలిచేవాళ్లు. వేటకు పోయేవాళ్లకు సీజనులో సరుకు ఇచ్చేవాడు, వాళ్లతో పాటే టీ తాగేవాడు. గొంతు పెంచి మాట్లాడగా నేను వినలేదు. రిజిస్ట్రేషను మాత్రం ఆయన భార్య పేరు మీద ఉంది. ఆమె పేరున పెడితే కలిసొస్తుందని వాళ్ల నాన్న అన్నాడట, అంతకుమించి కారణం లేదు. మా వైపు సగం కొట్లు ఆడవాళ్ల పేరు మీదే ఉంటాయి, కూర్చునేది మగవాళ్లు.

ఆమె నన్ను అన్నా అని పిలిచేది. పుట్టింటివాళ్లది తాళ్లు పేనే పని. తాడు చివర రెండు వేళ్లతో నలిపి చూసి అది ఎన్నాళ్లు ఆగుతుందో చెప్పగలదని భాయ్ నాతో గొప్పగా అనేవాడు. "కొట్టు పేరుకు మాత్రమే ఆమెది కాదన్నా, నిజంగా ఆమెదే. నేను జీతగాణ్ణి" అని నవ్వేవాడు.

తరువాత ఆయనకు కాలేయం పాడయింది. నెల్లూరులో కొన్నాళ్లు, చెన్నైలో కొన్నాళ్లు ఆసుపత్రుల్లో ఉన్నారు. కొట్టు తీసిన రోజు కంటే మూసిన రోజులే ఎక్కువ. ఆ రోజుల్లోనే ఆ కొట్టు మీద ఒక నోటీసు వచ్చింది. వాళ్లకు తాళ్లు అమ్మిన చెన్నై వ్యాపారి తాను కట్టాల్సిన పన్ను ఎగ్గొట్టి, రిజిస్ట్రేషను రద్దు చేయించుకుని పోయాడు. వీళ్లు అతనికి పన్నుతో సహా డబ్బు ఇచ్చారు. కానీ అతను కట్టలేదు కాబట్టి వీళ్లు మళ్లీ కట్టాలని, కాదంటే సంజాయిషీ ఇవ్వమని ఆ నోటీసు. ఇవ్వడానికి సంజాయిషీ ఉంది. బిల్లులు ఉన్నాయి, లారీ రసీదులు ఉన్నాయి, బ్యాంకు ద్వారా పంపిన కాగితాలు ఉన్నాయి. అన్నీ ఆ ఇంట్లో ఒక అట్టపెట్టెలో ఉన్నాయి.

నోటీసు వచ్చింది నా ఫోనుకి. నేను చూడలేదు. రిటర్నుల గడువు దగ్గర పడిన వారం అది, వందల మెసేజీలు వస్తుంటాయి. ఇది నా వృత్తిలో అందరూ చెప్పే మాట. నిజం కూడా. కాని ఆ వారం నేను సినిమాకు పోయాను, ఒక పెళ్లికి పోయి రెండు పూటలా తిన్నాను, నా ఫోన్లో క్రికెట్ స్కోరు రోజుకు పదిసార్లు చూశాను. కాబట్టి తీరిక లేదని నేను అనకూడదు. తరువాత రెండో నోటీసు వచ్చింది, దాన్నీ చూడలేదు.

భాయ్ పోయిన మూడో రోజు, వాళ్లు జియారత్ అంటారు, ఇంటి ముందు షామియానా కింద కుర్చీల్లో కూర్చుని ఉన్నాం. ఫోను మోగితే తీసి చూశాను. ఆర్డరు. సంజాయిషీ రానందువల్ల మొత్తం పన్నూ, దాని మీద వడ్డీ, జరిమానా కట్టమని ఆమె పేరున. అప్పుడు మెసేజీలు పైకి జరుపుకుంటూ వెళితే ముందు నోటీసులు రెండూ కనిపించాయి. లోపల గదిలోంచి ఆడవాళ్ల ఏడుపు వినిపిస్తోంది. నేను ఫోను జేబులో పెట్టుకుని, ఎదురుగా ఉన్న వాళ్లు ఇచ్చిన టీ తాగాను. ఖాళీ గ్లాసు పట్టుకుని తల వంచుకుని కూర్చున్నాను. పక్కన కూర్చున్న ముసలాయన, భాయ్ మీద నాకున్న ప్రేమకు అనుకుని నా భుజం నిమిరాడు.

ఆర్డరు మీద అప్పీలు వేయడానికి మూడు నెలలు గడువు. సరైన కారణం చూపిస్తే అప్పీలు వినే అధికారి ఇంకొక్క నెల ఆలస్యాన్ని మన్నించవచ్చు. అంటే మొత్తం నాలుగు నెలలు. ఆ ఇంట్లో ఆమె ఇద్దత్‌లో కూర్చుంది. భర్త పోయిన ముస్లిం స్త్రీ నాలుగు నెలల పది రోజులు ఇల్లు దాటదు, నగలు పెట్టదు, పరాయి మగవాళ్ల ఎదుటికి రాదు. నాకు నాలుగు నెలలని మాత్రమే తెలుసు. పది రోజుల సంగతి తెలియదు. నా లెక్క సరిగ్గా సరిపోయింది. దుఃఖంలో ఉన్న మనిషి దగ్గరికి పోయి పన్ను గోల చెప్పడమెందుకు, నాలుగు నెలలూ కానిద్దాం, బయటికి వచ్చిన రోజునే సంతకం పెట్టించి గడువులోపలే వేసేద్దాం అనుకున్నాను. అలా అనుకున్నందుకు నన్ను నేను కాస్త మెచ్చుకున్నాను కూడా. వాళ్ల ఆచారాన్ని గౌరవించే మనిషినని.

ఇప్పుడు ఆ మాట రాస్తుంటే నా మీద నాకే ఒళ్లు మండుతోంది. గౌరవమట. నోటీసులు చూడలేదని ఆమెకు చెప్పడానికి నాకు మొహం లేదు, అదీ సంగతి. అప్పీలుతో పాటు పన్నులో పదో వంతు ముందే కట్టాలి, ఆ డబ్బు అడగడానికి నోరు లేదు. ఆమె నాలుగు నెలలు బయటికి రాదు అన్న మాట నాకు వరంలా దొరికింది. ఇద్దత్ అడ్డం పెట్టుకుని నేను లోపల దాక్కున్నాను.

దాక్కోకుండా ఉండటానికి దారులు లేకపోలేదు. మా ఆవిడ ప్రతి శుక్రవారం సాయంత్రం ఆ ఇంటికి వెళ్లి గంటసేపు కూర్చుని వచ్చేది. ఆడవాళ్లకు అడ్డు లేదు కదా. వచ్చి నాకు అన్నీ చెప్పేది. "ఈరోజు కాస్త అన్నం తినింది." "ఇద్దత్ అయినాక కొట్టులో తనే కూర్చుంటానంటోంది. ఆడపడుచు వద్దంటే, నా పేరున ఉండే కొట్టు, నేను కాకపోతే ఎవరు కూర్చుంటారు అనింది. వలల కన్ను సైజులన్నీ పుస్తకంలో రాసుకుంటా ఉండాది." నేను వినేవాణ్ణి. ఊఁ కొట్టేవాణ్ణి. ఒక్కసారైనా, ఇదిగో ఈ కాగితం పట్టుకుపోయి ఆమెకు చూపించు అని అనలేదు.

నాలుగు నెలలు అయ్యాయనుకున్న రోజున ఫైలు చంకన పెట్టుకుని వెళ్లాను. ఆఖరి గడువుకు ఇంకా నాలుగు రోజులు ఉంది. గుమ్మానికి పచ్చ తెర వేలాడుతోంది. చెప్పులు విప్పి పిలిస్తే భాయ్ అక్క, అంటే ఆమె ఆడపడుచు, బయటికి వచ్చింది.

"ఏందన్నా, ఇట్టొచ్చినావు?"

"అమ్మతో ఒక చిన్న పని ఉండాదక్కా. నాలుగు నెలలు అయిపొయినాయి గదా అని వచ్చినా."

"నాలుగు నెలల మీద పది రోజులన్నా. మా నెలలు నెలవంక లెక్క, ఇంకా వారం ఉండాది. తొందర పనా?"

నేను అప్పుడు చెప్పాలి. తెర ఇవతల నిలబడే చెప్పవచ్చు. ఆ అక్క చేతికి కాగితం ఇవ్వవచ్చు. నిజానికి ఆ సంతకం కూడా అక్కరలేదు, ఓటీపీ వచ్చేది నా ఫోనుకే. నా డబ్బు పెట్టి, నా గదిలో కూర్చుని, ఆ సాయంత్రమే అప్పీలు వేసేసి తరువాత చెప్పుకోవచ్చు. ఏదీ చేయలేదు. "ఏం లేదక్కా, మామూలు సంతకం. వారం పోనీ, అప్పుడే వస్తా" అన్నాను. గడువు దాటితే దాటింది, మొగుడు పోయి ఇంట్లో కూర్చున్న ఆడమనిషికి నాలుగు రోజులు లెక్క కడతారా, ఎంత సర్కారైనా, అనుకుంటూ బస్సెక్కాను.

ఇద్దత్ అయిన మరుసటి రోజు ఆమె కొట్టు తీసింది. తెల్ల చీర, తల నిండా కొంగు. నేను వెళ్లేసరికి తూకం ముందు కూర్చుని, వేటకు పోయే ఒకతనికి తాడు కొలిచి ఇస్తోంది. అతను వెళ్లాక నేను స్టూలు మీద కూర్చుని చెప్పాను. ఆర్డరు వచ్చిందని, అప్పీలు వేయాలని, గడువు మూడు నాలుగు రోజులు దాటిందని. ముందు వచ్చిన నోటీసుల సంగతి మాత్రం చెప్పలేదు.

ఆమె చేతిలో మిగిలిన తాడు చుట్టి పక్కన పెట్టింది. తరువాత, "ఆ పొద్దు నువ్వు వచ్చింది దీనికేనా అన్నా?" అంది.

"అవునమ్మా."

"నీ గొంతు ఇనబడింది నాకు. తెర ఎనకాలే ఉన్నా. మా వదినతో మాట్లాడినావు, పొయినావు. అదేందో అక్కడే చెప్పుంటే సరిపొయ్యేది గదా. పని మీద వచ్చినోళ్లతో మాట్లాడొద్దని మాకు ఎవురూ చెప్పలా. ఆసుపత్రికి పోవాల్సి వస్తే పోమా?"

"నీకు ఇబ్బంది అని..." అన్నాను.

ఆమె నన్ను తిట్టలేదు. లోపలికి వెళ్లి అట్టపెట్టె తెచ్చి నా ముందు పెట్టింది. బిల్లులు నెలవారీగా దారంతో కట్టి ఉన్నాయి, ప్రతి కట్ట మీద భాయ్ చేతిరాత. "అన్నీ ఉండాయి. ఒక్క కాగితం పోలేదు. చూస్తే వాళ్లకే తెలస్తాది" అంది. తాను కట్టాల్సిన పదో వంతుకు గాజులు తాకట్టు పెట్టింది. ఎలాగూ ఇప్పుడు వేసుకోను గదా అంది.

అప్పీలు అధికారి మంచి మనిషి. ఈ మాట నేను అప్పుడు ఒప్పుకోలేదు. ఆయన కాగితాలు తిరగేసి, తేదీలు లెక్కపెట్టి, "నాకిచ్చింది ఒక్క నెలండీ. ఆ నెల దాటాక ఒక్క రోజైనా మన్నించే అధికారం చట్టం నాకివ్వలేదు. ఉంటే ఈమె విషయంలో తప్పకుండా మన్నించేవాణ్ణి" అన్నాడు. నాకు రక్తం పొంగింది. మీకు మనుషుల్లేరా, ఇళ్లల్లో చావులు లేవా, ఆ అట్టపెట్టె ఒక్కసారి తెరిచి చూస్తే మీ సొమ్మేం పోతుంది అని అరిచాను. ఆయన నీళ్లు తెప్పించి ఇచ్చాడు. నేను తాగలేదు. ఆమె పక్కన నిలబడి, "పోదాం పదన్నా" అంది. ఎదుటివాడి మీద అరిచినంతసేపు నా తప్పు గుర్తు రాదు, అందుకే అంత గట్టిగా అరిచానని ఇప్పుడు తెలుస్తోంది. వారం తిరక్కుండా ఆలస్యాన్ని మన్నించడం కుదరదని ఆర్డరు వచ్చింది. అప్పీల్లో ఏముందో ఎవరూ చదవలేదు.

ఆ రోజు ఇంట్లో మా ఆవిడకు చెప్పక తప్పలేదు. ఆమె కూరగాయలు తరుగుతూ విని, కత్తిపీట పక్కన పెట్టింది.

"వారం వారం పోయి కూర్చుంటిని గదా ఆమె దగ్గర. నాతో ఒక్క ముక్క చెప్పుంటే నీ సొమ్మేం పొయ్యేది?"

నేను కోపం తెచ్చుకుని లేచి వెళ్లిపోయాను. అది నాకు బాగా వచ్చిన విద్య.

ఇక మిగిలింది హైకోర్టు. అధికారి ఆలస్యాన్ని మన్నించనంటే, ఆ నిరాకరణ సరైందో కాదో చూడమని అక్కడ రిట్టు వేసుకోవచ్చు. తెలిసినవాళ్ల ద్వారా ఒక లాయరమ్మను పట్టుకున్నాను. విజయవాడలో ఆమె ఆఫీసులో ఒక మధ్యాహ్నం అంతా కూర్చున్నాను. కొట్టామె రాలేదు. కొట్టు మూస్తే బేరం పోతుందని, "నువ్వు పొయ్యొస్తే చాలన్నా, నీకు తెలియంది ఏముండాది" అని పంపింది.

లాయరమ్మ ఫైలంతా చదివి కళ్లద్దాలు తీసి నన్ను చూసింది.

"జీఎస్టీ పోర్టల్లో నంబరెవరిది?"

"నాదేనండి."

"నోటీసులు మీకే వచ్చాయి. ఆర్డరు మీకే వచ్చింది. ఆమెకు ఎప్పుడు చెప్పారు?"

"ఇద్దత్ అయ్యాక."

"అయితే ఆలస్యం ఆమెది కాదు, మీది. ఆ సంగతి మీ పేరుతో అఫిడవిట్ వేయండి. నా నిర్లక్ష్యం వల్ల జరిగింది, ఆమెకు ఏమీ తెలియదు అని. సలహాదారు తప్పుకు కేసు వేసినవాళ్లను శిక్షించకూడదంటే కొందరు జడ్జిలు ఒప్పుకున్నారు. గ్యారంటీ లేదు. కాని మనకున్న మంచి దారి అదొక్కటే."

నేను చెమట తుడుచుకున్నాను. నా పేరు, నా నిర్లక్ష్యం, కోర్టు కాగితం మీద. అది ఆర్డరులోకి ఎక్కుతుంది. ఆర్డరులు ఎవరైనా చూడవచ్చు. కావలిలో ఇంకో లెక్కలవాడు దాన్ని ప్రింటు తీసి కొట్టు కొట్టుకూ చూపిస్తాడు. కూతురు చదువు ఇంకా అయిపోలేదు, నాకు ఇది తప్ప ఇంకో పని రాదు. ఇవన్నీ ఒక్క నిమిషంలో నా తలలో తిరిగాయి. ఆమె కొట్టు సంగతి ఆ నిమిషంలో గుర్తు రాలేదు.

"ఇద్దత్ ఉంది కదండీ. అది రాస్తే చాలదా? నాలుగు నెలల పది రోజులు ఆమె బయటికి రాకూడదు. నిజమే కదా అది" అన్నాను.

లాయరమ్మ కళ్లద్దాలు మళ్లీ పెట్టుకుంది. "నిజమే. కాని సగం నిజం" అంది. "మీ ఇష్టం. క్లయింటు తరఫున చెప్పాల్సింది మీరు."

అలాగే రాశారు, ఇంగ్లీషులో. నేను బోగోలు తెచ్చి, "ఆలస్యం ఎందుకయిందో రాసినామమ్మా" అని చెప్పి ఆమె చేత సంతకాలు పెట్టించాను. ఆమె ప్రతి పేజీ కింద గుండ్రటి అక్షరాలతో తన పేరు రాసింది. అందులో ఏముందని అడగలేదు.

కేసు విచారణకు వచ్చిన రోజు నేను వెనక బెంచీలో కూర్చున్నాను. మా వంతు వచ్చాక నడిచింది పది నిమిషాలు కూడా కాదు. లాయరమ్మ ఇద్దత్ గురించి చెప్పింది. జడ్జిగారు శ్రద్ధగా విన్నారు, వెటకారం ఏమీ లేదు. విని, "ఆమె ఇల్లు దాటకూడదు, సరే. అప్పీలు వేయడానికి ఇల్లు దాటాల్సిన పని ఏముంది? అంతా ఆన్‌లైనే కదా. ఈ పోర్టల్ ఎవరు చూస్తున్నారు?" అని అడిగారు.

"కన్సల్టెంటు" అంది లాయరమ్మ.

"ఆయన ఈ నాలుగు నెలలూ ఏం చేస్తున్నారు? అఫిడవిట్‌లో ఒక్క మాట లేదే."

లాయరమ్మ వెనక్కి తిరిగి నా వైపు చూసింది. అప్పుడైనా లేచి నిలబడి ఉంటే, వారం గడువు అడిగి కొత్త అఫిడవిట్ వేసుకోమనేవారేమో. జడ్జిగారు కాగితం మీద నుంచి తలెత్తి ఎదురు చూస్తూనే ఉన్నారు. నేను కిందికి, నా చెప్పుల వైపు చూశాను. లాయరమ్మ ముందుకు తిరిగి, వేరే సమర్పించేది ఏమీ లేదంది. రిట్టు కొట్టేశారు.

కొట్టు బ్యాంకు ఖాతా ఆపాటికే పన్నువాళ్లు ఆపేసి ఉన్నారు. కోర్టు ఆసరా పోయాక సరుకు కూడా జప్తు చేసుకున్నారు. వలలు, తాళ్ల చుట్టలు వ్యానులోకి ఎక్కిస్తుంటే ఆమె లిస్టు పట్టుకుని నిలబడి, ఏ చుట్ట ఎన్ని మీటర్లో వాళ్లకు చెప్పి రాయించింది. వాళ్లు తక్కువ రాస్తే మళ్లీ కొలిపించింది. కొట్టు ఖాళీ చేసి అద్దె గది తాళాలు ఇచ్చేసింది. రేవులో వేరేవాళ్ల షెడ్డులో చిరిగిన వలలు అల్లే కూలికి కుదిరింది.

కోర్టు ఆర్డరు కాపీ వచ్చాక ఆమె నాకు కబురు పెట్టింది. షెడ్డు నుంచి వచ్చి స్నానం చేసినట్టుంది, తల తడిగా ఉంది. వేళ్ల మీద నైలాన్ దారం కోసిన గీతలు. చాప వేసి నన్ను కూర్చోమని, తాను గడప దగ్గర కూర్చుంది.

"అన్నా, దీంట్లో ఏముండాదో తెలుగులో చదివి చెప్పు. మొత్తం చెప్పు. నా కొట్టు ఎందుకు పొయిందో నాకు తెలియాల."

నేను చదివాను. కొంచెం దాటేద్దామని చూశాను గాని ఆమె కాగితం వైపే చూస్తోంది, నేను పేజీలో ఎక్కడున్నానో నా వేలు చెబుతోంది. పిటిషనరు భర్త మరణానంతరం ఇద్దత్ పాటించినందువల్ల అప్పీలు వేయలేకపోయానని చెబుతున్నారు. ఇంట్లో ఉండటం వల్ల అప్పీలు వేయలేకపోవడమన్నది నమ్మదగ్గ కారణం కాదు. పోర్టల్ చూసే సలహాదారు ఆ కాలమంతా ఏం చేశారో వివరణ లేదు. కాబట్టి ఆలస్యాన్ని మన్నించనన్న అధికారి నిర్ణయంలో జోక్యం చేసుకోలేము.

"నేను ఇద్దత్ వల్ల అని చెప్పినానా?"

"అఫిడవిట్‌లో రాసినామమ్మా."

"నేను సంతకం పెట్టిన దాంట్లో?"

"అవును."

"నువ్వేం చేస్తుండావని వాళ్లు అడిగితే ఏం చెప్పినావు?"

"ఏం చెప్పలేదు."

అప్పుడు చెప్పాను. నోటీసులు రెండు ముందే వచ్చాయని, చూడలేదని, జియారత్ రోజు షామియానా కిందే ఆర్డరు చూశానని, లాయరమ్మ నా పేరున రాయమంటే వద్దన్నానని. తప్పు నాదేనమ్మా అన్నాను. నాకు ఏడుపొచ్చింది. ఏడ్చాను. ఆమె నా ఏడుపు ఆగేదాకా చూసింది.

"ఆయన కోసం కూర్చున్నా అన్నా నేను" అంది. "ఆయనకు నేను చెయ్యగలిగింది ఇంక అదొక్కటే. నాలుగు నెలల పది రోజులు ఒక్క పూట తప్పకుండా కూర్చున్నా. నువ్వు దాన్ని తీసకపొయి నీ తప్పు మీద కప్పినావు. ఇప్పుడు కోర్టు కాగితంలో ఏముండాది? మొగుడి కోసం కూర్చున్న మాట నమ్మదగింది కాదని ఉండాది. కింద నా సంతకం ఉండాది."

నేను అలా కాదమ్మా, కోర్టు అన్నది అది కాదు అని విడమరిచి చెప్పబోయాను. ఆమె చెయ్యెత్తి ఆపింది. కొట్టు పోయింది పోయింది, అది మళ్లీ అడగనులే అంది. ఈ మాట తీసేయించగలవా అని అడిగింది.

తీసేయించలేనని చెప్పాను.